వనజ పేరున పడ్డ కోడు

రాత్రంతా తొట్టిలో నానిన తునికాకు కట్టలను వినోద ఒక్కొక్కటిగా బయటికి తీసి, నీళ్లు విదిలించి, గోనెపట్టా మీద పరుస్తోంది. ఆ ఇంట్లో ఆకు తుడిచేదీ కత్తిరించేదీ బీడీలు చుట్టేదీ వదిన వనజ. వినోదకు చేతకాక కాదు. మెట్‌పల్లి నర్సింగ్ హోంలో కంప్యూటర్ ముందు కూర్చునే ఉద్యోగం దొరికాక, వేళ్లు పాడవుతాయని తల్లి శంకరవ్వ ఆమెను బీడీల చాట ముట్టనివ్వలేదు. మూడు రోజులుగా వనజ కత్తెర పట్టలేదు. దర్వాజ పక్కన గోడకు వీపు ఆనించి, మోకాళ్లు చుట్టేసుకుని కూర్చుంటోంది. ఆకు ఊరికే నానితే కుళ్లిపోతుందని వినోద తనే దిగింది. తడి ఆకు వాసన, పక్కన పొట్లంలో ఉన్న బీడీ పొగాకు జర్దా వాసన కలిసి పొద్దటి నుంచి ఇల్లంతా కమ్ముకున్నాయి.

ఆమె మనసు మాత్రం వేరే సంగతి మీద ఉంది.

బుధవారం పొద్దున సౌదీలోని దమ్మామ్‌లో ఉన్న అన్న గోపాల్ ఫోన్‌కు ఒక మెసేజ్ వచ్చింది. బ్యాంకు ఓటీపీల కోసం అతను ఇండియా సిమ్ము కూడా ఫోన్లోనే ఉంచుకుంటాడు. వనజకు బీడీ సంఘం చేయించిన ఆరోగ్య బీమా కార్డు మీద ఉన్నది ఆ నంబరే. ఇంగ్లీషు కూడబలుక్కోలేక, రూములో ఉండే నిర్మల్ ఊరి మనిషికి ఫోన్ ఇచ్చాడు. ఆయన ఎనిమిది మంది ముందర గట్టిగా చదివాడు. 'వనజకు గర్భసంచిలోంచి కాపర్‌టీ తీసిన ఆపరేషన్‌కు బీమా మంజూరు అయింది.'

గోపాల్ దేశం విడిచి రెండేళ్ల నాలుగు నెలలు. పెళ్లయి మూడేళ్లు. పిల్లలు కాకుండా పెట్టుకునే కాపర్‌టీ, మొగుడు ఊళ్లో లేని ఆడదానికి ఎందుకు? ఆ ప్రశ్న అతను భార్యను అడగలేదు, తల్లిని అడిగాడు. అప్పటి నుంచి శంకరవ్వ కోడలి చేతి నీళ్లు తాగడం లేదు. వనజ ఎక్కడి నుంచి లేచినా సరే, ఆమె కూర్చున్నంత మేర చీపురుతో ఊడ్చి, చెత్తను గేటు బయట పారేసి వస్తోంది.

ఆ మెసేజ్ ఎట్లా పుట్టిందో ఆ ఇంట్లో ఒక్కరికి తెలుసు. ఆ ఒక్కరు ఇప్పుడు తల వంచుకుని ఆకు తుడుస్తున్నారు.

"వదినె తిన్నదా?" అని అడిగింది వినోద, తల ఎత్తకుండానే.

"తింటెంత, తినకుంటెంత," అంది శంకరవ్వ ఉల్లిగడ్డలు ఏరుతూ. "చేసిన పనికి కడుపు నిండే ఉంటది గామెకు."

వనజ మోకాళ్ల మీద గడ్డం ఆనించింది. ఆమె పెదవులు ఎండి పొరలు లేచాయి.

శుక్రవారం కాబట్టి గోపాల్‌కు సెలవు. పదకొండు దాటగానే వీడియో ఫోన్ చేశాడు. శంకరవ్వ ఫోన్‌ను బియ్యం డబ్బాకు ఆనించి నిలబెట్టింది. తెర మీద అన్న మొహం, వెనకాల రెండంతస్తుల ఇనుప మంచాలు, ఆరేసిన లుంగీలు కనిపించాయి.

"గామెను ముందలికి రమ్మను," అన్నాడు. పేరు పెట్టి పిలవడం మూడు రోజుల కిందే మానేశాడు.

వనజ కూర్చున్న చోటి నుంచే కొద్దిగా జరిగింది.

"అవ్వా, ఇను. జగిత్యాలల ఒక లేడీ డాక్టరున్నదట. తోలుకొని పో. పెట్టించుకున్నదా లేదా, పరీక్ష చేసి రాసిస్తదట. గా కాగితం ఫోటో తీసి పంపు. అటెన్క మాట్లాడుదాం."

"కాగితమొస్తె నమ్ముతవా?" అంది వనజ. మూడు రోజుల్లో ఆమె గొంతు వినడం ఇదే మొదటిసారి.

"కాగితం ఎందుకు అబద్ధమాడుతది?"

"గా మెసేజ్ గూడ గట్లనే నమ్మినవు గదా."

"సూడు నోరు!" అని శంకరవ్వ ఉల్లిగడ్డల గంప పక్కకు తోసింది. "తప్పు జేసినోళ్లకు మాటలు మస్తుంటయి."

వనజ అత్త వైపు చూడలేదు. ఫోన్ వైపే చూస్తూ మెల్లగా అంది. "నేను బట్టలిడిచి బల్ల మీద పండుకోవాలె. ఆమె చూసి రాసియ్యాలె. నీకు ఇంగ్లీషు రాదు, మళ్ల గా నిర్మలాయన చదువుతడు. రూముల అందరు ఇంటరు. గంతే గదా?"

తెర మీద గోపాల్ చూపు పక్కకు తిప్పుకున్నాడు. వెనక మంచం మీద ఎవరో దుప్పటి ముసుగు తీసి, మళ్లీ కప్పుకున్నారు.

"మూడు రోజులసంది దొంగ లెక్క మూలకు కూసుంటివి," అని శంకరవ్వ అందుకుంది. "దొంగ కాకుంటె పరీక్షకు ఎందుకు భయం? రేపే పోదాం. నేనే పక్కన నిలబడి చూస్త."

నేనే పక్కన నిలబడి చూస్త. ఆ మాటకు వినోద తల ఎత్తింది. చేతిలో ఉన్న ఆకు కట్టను నేల మీద పెట్టింది. లేచి మోరీ దగ్గరికి పోయి చేతులు కడుక్కుంది. తిరిగి వచ్చి ఫోన్‌కు ఎదురుగా నిలబడింది.

"అన్నా, వదినెకు ఎవ్వలు ఏం పెట్టలే, ఏం తియ్యలే. గది కొట్టింది నేనే."

"ఏం కొట్టినవు?"

"కోడు."

ఎక్కడ మొదలు పెట్టాలో తెలియక ఆమె చీర కొంగుతో చేతులు తుడుచుకుంటూ నిలబడింది. తరువాత ఒక్కొక్క మాటే చెప్పింది.

దవాఖానలో చేసే ప్రతి పనికీ ఒక కోడు ఉంటుంది. కంప్యూటర్లో ఏ కోడు కొడితే ఆ పనికి బీమా కంపెనీ సొమ్ము ఇస్తుంది. కాపర్‌టీని దారం పట్టి లాగితే రెండు నిమిషాల్లో వచ్చేస్తుంది, దానికి బీమా ఏమీ ఇవ్వదు. అదే, లోపల ఇరుక్కుపోయింది, మత్తు ఇచ్చి, మిషను పెట్టి తీశాం అని కొడితే ఇస్తుంది. దాని కోడు వేరు. మేనేజర్ ఓంప్రకాశ్ సార్ ఆ కోడే చీటీ మీద రాసి ఇచ్చాడు.

"మా దవాఖానోళ్లు క్యాంపు పెట్టిండ్రు గదా మన బడిల," అంది వినోద. "నడుము నొప్పి, తెల్లబట్ట, ఏదున్నా ఫ్రీగ చూస్తరని. నేనే తోలుకపోయిన వదినెను. ఇంకో దినం వ్యాను పెట్టి అందరిని మెట్‌పల్లి తీసుకపోయిండ్రు."

ఆ రోజు వనజ ఇంటికి వచ్చి నవ్వుతూ చెప్పిన సంగతి ముగ్గురికీ గుర్తుంది. మంచం మీద పడుకోబెట్టారట. చేతికి సూది గుచ్చకుండానే సెలైన్ గొట్టాన్ని ప్లాస్టరుతో అంటించారట. ఫోటో తీసి, ప్లాస్టరు పీకేసి, రక్తం పట్టే గోళీలు చేతిలో పెట్టి పంపారట. 'ప్లాస్టరు పీకినప్పుడే నొప్పయింది,' అని వనజ ఆ రోజు నవ్వింది. అందరూ నవ్వారు.

"పందొమ్మిది మంది పేర్లు. మొదటి గడిల కోడు కొట్టి, మౌసు పట్టి కిందికి గుంజిన. అందరికి అదే పడ్డది. వదినె పేరు పదకొండోది."

శంకరవ్వకు ఇంకా అర్థం కాలేదు. "పందొమ్మిది మందా? ఎవలెవలు?"

"లస్మవ్వ పెద్దమ్మ..."

"ఏ లస్మవ్వ? మొగడు సచ్చి పదేండ్లాయె గామెకు!"

"ఆమెకు గూడ తీసినట్టే ఉన్నది."

"ఇంకెవలు?"

"యాదవ్వ అత్త."

శంకరవ్వ నోరు తెరుచుకుంది. "దానికి గర్భసంచే లేదు గదనే! ఆపరేషన్ నాడు కరీంనగర్ల నేనే పక్కనున్న. లేని సంచిలకెల్లి ఏం తీసిండ్రు?" అని ఒక్కసారి పకాలున నవ్వింది. నవ్వు సగంలో ఉండగానే కోడలి మొహం కనిపించి ఆగింది. ఆగాక ఏం చెయ్యాలో తోచక, ఉల్లిగడ్డల గంపను మళ్లీ దగ్గరికి లాక్కుంది.

వనజ లేచి నిలబడింది. ఆమె వినోద కంటే రెండేళ్లే పెద్ద. ఒకే కంచంలో తిన్నారు, ఒకరి జాకెట్టు ఒకరు తొడిగారు. ఈ ఇంటికి వచ్చిన మొదటి వారం, గోపాల్ గురకకు నిద్ర పట్టడం లేదని ఆమె చెప్పుకున్నది వినోదకే.

"నీకెప్పుడెరుక?" అని అడిగింది.

"వదినె..."

"మెసేజ్ వచ్చిననాడా?"

వినోద తల అడ్డంగా ఊపింది. "కొట్టిననాడే. నీ పేరు చూసిన. సార్‌ను అడిగిన, మా వదినెది ఉన్నది సార్ అని. పేర్లు చూడకు, గడులు చూడు అన్నడు. ఎవ్వలకు తెలుస్తదిలే అనుకున్న."

"కొట్టి ఎన్నొద్దులైంది?"

"మూడు వారాలు."

"మరి గీ మూడు రోజులు?" వనజ గొంతు పెరగలేదు. "మీ అవ్వ నేను కూసున్న కాడ ఊడుస్తుంటె, నువ్వు చూసినవు గదా?"

చూసింది. చీపురు పుల్లల చప్పుడుకు తన ఒళ్లు జలదరించడమూ చూసుకుంది. ఉద్యోగం పోతుందని, ఊళ్లో ఆడవాళ్లంతా మీద పడతారని, ఒక్కో పూట వాయిదా వేసుకుంటూ వచ్చింది. ఇప్పుడు ఆ మాట చెబితే అది తన నోటి నుంచి ఎట్లా కంపు కొడుతుందో ఆమెకు తెలుసు.

"అయితె గా దవాఖానోన్ని..." అని గోపాల్ ఫోన్లో ఏదో మొదలు పెట్టాడు. అంతలో గేటు ముందు కారు ఆగింది.

దిగినవాడు ఓంప్రకాశ్. తెల్ల చొక్కా, చేతిలో ఆపిల్ పండ్ల కవరు, నోట్లో వక్కపొడి. చెప్పులు విప్పి, అడక్కుండానే ప్లాస్టిక్ కుర్చీ లాక్కుని కూర్చున్నాడు.

"ఏమమ్మా, మంచిగున్నరా? వినోద మూడు రోజులసంది రాకపాయె. జ్వరమేమో, చూసి పోదామని వచ్చిన." అతని కళ్లు బియ్యం డబ్బా మీద ఆగాయి. "ఓ, గోపాలన్న లైన్ల ఉన్నడా! నమస్తే అన్నా. ఎండలెట్లున్నయి దమ్మామ్ల?"

గోపాల్ తెర మీది నుంచి గుర్రుగా చూశాడు. ఓంప్రకాశ్ పరేషాన్ కాలేదు. వక్కపొడిని ఒక బుగ్గ నుంచి ఇంకో బుగ్గకు మార్చుకున్నాడు.

"ముచ్చట చిన్నదే. బీమా కంపెనీల ఎవడో కొత్తాయన వచ్చిండట, పేషంట్లకు ఫోన్లు జేసి అడుగుతుండు. వనజమ్మకు ఇయ్యాల రెండు గంటలకు వస్తది. ఆమెదే ఫస్టు. ఆమె ఫోన్ నంబరు నేనే ఇచ్చిన, మనోళ్లే గదా అని. 'అవునండి, తీసిండ్రు, ఇప్పుడు మంచిగున్న.' గింతే చెప్పాలె." అని చేతిసంచిలోంచి ఒక కాగితం తీశాడు. "గిండ్ల ఒక సంతకం."

"తియ్యంది తీసిండ్రని ఎట్ల చెప్తది?" అంది శంకరవ్వ. ఆమె గొంతులో నిజంగానే కోపం ఉంది. వినోద ఆశగా తల్లి వైపు చూసింది.

"చెప్పకున్నా ఫికర్ లేదమ్మా," అన్నాడు ఓంప్రకాశ్ నెమ్మదిగా. "కాకపోతే లాగిన్ వినోదది, పాస్‌వర్డు వినోదది. పందొమ్మిది పేర్లు ఎక్కించింది వినోద. సొంత వదినె పేరు గూడ ఎక్కిచ్చుకున్నది, ఇంట్లోళ్లు కలిసే చేసిండ్రని రాస్తరు వాళ్లు. నాదేముంది, నేను జీతగాన్ని. నా పేరు యాడ లేదు."

"చీటీ మీరే రాసిచ్చిండ్రు గదా సార్!" అంది వినోద.

"ఏ చీటి?" అని నవ్వాడు. పళ్ల సందుల్లో ఎర్రటి వక్క తునకలు ఇరుక్కుని ఉన్నాయి. "ఉంటే చూపెట్టు."

చీటీ లేదు. కోడు కొట్టిన సాయంత్రమే బల్ల తుడుస్తూ ఆయనే చెత్తబుట్టలో వేశాడు.

శంకరవ్వ కళ్లు కూతురి మీదికీ కోడలి మీదికీ మారి మారి పోతున్నాయి. ఆ కళ్లలో ఏం జరుగుతోందో వినోదకు స్పష్టంగా కనిపించింది. కనిపించకపోతే బాగుండేది. శంకరవ్వ లేచింది. బిందెలోంచి గ్లాసెడు నీళ్లు ముంచుకొచ్చి, కోడలి చేతికి అందించింది. మూడు రోజులుగా చీపురు పట్టిన ఆ చెయ్యితోనే ఆమె తల నిమిరింది.

"తాగు బిడ్డా. నోరెండిపోయింది. ఏదో నా నోటి తీట, మనసుల పెట్టుకోకు. ఒక్క మాటనే గదా. అవును అంటె నీ సొమ్మేం పోతది? మన ఇంట్ల మనకు ఎరికే ఉన్నది గదా నువ్వెసొంటిదానివో. పిల్ల మీద కేసైతె ఎవడు చేసుకుంటడు దాన్ని?"

"వనజా," అని ఫోన్లోంచి గోపాల్ పిలిచాడు. "అవ్వ చెప్పేది నిజమే. అవునను, అయిపోతది. నీ మీద నాకు మొదటిసంది నమ్మకమే."

అన్న ఆ మాట ఎంత సులువుగా అన్నాడో వినోద చూసింది. జగిత్యాల డాక్టరు మాట అదే నోటి నుంచి వచ్చి గంట కూడా కాలేదు.

"మీ రూములోళ్లకు?" అని అడిగింది వనజ. "వాళ్లకు గూడ అవుననే చెప్తవా?"

"వాళ్లతోటి ఏం పని మనకు..."

వనజ నీళ్ల గ్లాసు కింద పెట్టింది. తాగలేదు. వినోద వైపు తిరిగింది.

"నువ్వు చెప్పు. ఏమనాలె?"

లేదను వదినె. ఈ మాట వినోద నాలుక దాకా వచ్చింది. లేదను, నాకేమైతే అది అవుతుంది. దానితో పాటే పోలీస్ స్టేషన్ బెంచీ, పందొమ్మిది ఇళ్ల ముందు తన పేరు, ఊళ్లో నడుస్తుంటే వెనక నుంచి వచ్చే మాటలు కళ్ల ముందు కదిలాయి. ఆమె ఆ మాటను మింగేసింది.

"నీ ఇష్టం వదినె," అంది.

ఆ మాట అన్న మరుక్షణం తన మీద తనకు పుట్టినంత రోత ఓంప్రకాశ్ మీద కూడా పుట్టలేదు. వనజ ఆమెను ఇంకొక్క క్షణం చూసింది. ఆ చూపులో కోపం లేదు. బీడీ కార్ఖానాలో ఆకు ఏరేటప్పుడు, పనికిరాని ఆకును వేళ్లతో ఒకసారి తడిమి పక్కకు పెడతారు. ఆ చూపు అట్లాంటిది.

తరువాత ఆమె ఓంప్రకాశ్ చేతిలోంచి కాగితం తీసుకుంది. పదో తరగతి దాకా చదివింది కాబట్టి ఒక్కో మాట కూడబలుక్కుంటూ మొత్తం చదివింది. పైన తన పేరు, కార్డు నంబరు ఉన్నాయి. మధ్యలో కోడు, పక్కన మంచం మీద పడుకున్న తన ఫోటో, చేతికి ప్లాస్టరు. కింద డాక్టరు సంతకం, గుండ్రటి స్టాంపు. దాని పక్కన తన సంతకానికి వదిలిన ఖాళీ గీత.

"సార్," అంది. "తీసిండ్రని రాసిండ్రు. ఎప్పుడు పెట్టిండ్రో, ఎవలు పెట్టిండ్రో రాయలేదేంది?"

"అదక్కరలేదమ్మా," అన్నాడు ఓంప్రకాశ్ పెన్ను మూత తీసి అందిస్తూ. "పెట్టినదానికి కోడు వేరే ఉంటది. మనకు తీసినదే కావాలె."

వనజ తల ఊపింది, బాగా అర్థమైనట్టు. పెన్ను తీసుకుని మూత పెట్టి, ఆపిల్ పండ్ల కవరు మీద ఉంచింది. కాగితాన్ని నాలుగు మడతలు పెట్టి జాకెట్టులో దోపుకుంది. దండెం మీది నుంచి తన ఫోన్ సంచీ తీసి భుజానికి తగిలించుకుంది. తలుపు దగ్గర చెప్పులు వేసుకుంది.

"అమ్మా, సంతకం?" అన్నాడు ఓంప్రకాశ్. ఆమె గడప దాటాక గానీ అతనికి తట్టలేదు. కుర్చీలోంచి లేచాడు. "ఏయ్, వినోదా, ఆపు ఆమెను! ఒరిజినల్ అది. డాక్టరు సంతకమున్నది దాని మీద!"

వినోద కదల్లేదు. శంకరవ్వ "వనజా, ఓ వనజా," అంటూ వాకిట్లోకి పరుగెత్తబోయి, పరిచిన తడి ఆకు మీద కాలు జారి గోడ పట్టుకుంది. ఆ అదురుకు బియ్యం డబ్బాకు ఆనించిన ఫోన్ వెల్లకిలా పడింది. గోపాల్‌కు ఇంటి కప్పు తప్ప ఏమీ కనబడటం లేదు కాబోలు, "ఏమైంది? అవ్వా, ఎవలు పోయిండ్రు? మాట్లాడరేంది?" అని అరుస్తున్నాడు.

గేటు దాటితే తోవ రెండుగా చీలుతుంది. ఎడమకు పోతే వనజ పుట్టింటికి బస్సు దొరుకుతుంది. కుడికి పోతే మెట్‌పల్లి రోడ్డు, పోలీస్ స్టేషన్ ఉన్నది అటే. వనజ జాకెట్టు మీద చెయ్యి పెట్టుకుని, కుడికి తిరిగి వెళ్లిపోయింది.